మూడో ఆల్బమ్‌లో గర్జన ఎందుకు తగ్గింది

మా మేనల్లుడు మా మేడ మీద గదిలో మొదటిసారి పాడిన రోజు మా ఆయన అన్నం ముద్ద పట్టుకుని గబగబా మెట్లెక్కారు. గొంతులో చేప ముల్లు దిగినవాళ్లకి మా ఇళ్లలో చేసే వైద్యం అదే. ఉత్త అన్నం గట్టిగా ముద్ద చేసి, నమలకుండా మింగిస్తే ముల్లు దాంతోపాటు దిగిపోతుంది. ఆయన తలుపు తోసేసరికి మావాడు మైకు పట్టుకుని నిలబడి ఉన్నాడు. వెనక ముగ్గురు స్నేహితులు వాయిద్యాలతో ఉన్నారు. ఎవరి గొంతులోనూ ఏ ముల్లూ లేదు.

"పాట మామయ్యా," అన్నాడు వాడు.

మా ఆయన చేతిలో ముద్ద చూసుకుని, ఎలాగూ తెచ్చాను కదా తినెయ్యమన్నారట. వాడు తిన్నాడు. ఆ బ్యాండుకి మా ఇంటి నుంచి అందిన మొదటి ప్రోత్సాహం అది.

మాది గుణదలలో కర్రీ పాయింటు. మధ్యాహ్నం రెండింటికి పప్పూ వేపుళ్లూ అయిపోయాక షట్టరు సగం దించేస్తాం. మళ్లీ సాయంత్రం పొయ్యి వెలిగించేదాకా ఉన్న మూడు గంటలూ నావి. నేను బడిలో చదివింది పదో తరగతి వరకే. ఆ తర్వాత నాకు చదువు చెప్పింది మా శాఖా గ్రంథాలయం. భూగోళం దగ్గర నుంచి పశువైద్యం దాకా అక్కడున్న ప్రతి బీరువానూ వరసగా చదువుకుంటూ వచ్చాను. న్యాయశాస్త్రం బీరువా తాళంచెవి పోయింది కాబట్టి ఆ ఒక్క విషయంలో నాకు లోటుంది. ఈ సంగతి నేను గొప్పగా చెప్పుకుంటానని మా ఆయన వేళాకోళం చేస్తారు. గొప్పగానే చెప్పుకుంటాను.

మేనల్లుడంటే మా అన్నయ్య కొడుకు. బందరు రేవులో తెల్లవారుతూనే పడవలు దించిన చేపలకి వేలం వేస్తాడు. అంతకుముందు వాళ్ల నాన్న వేసేవాడు. వారానికి రెండు రోజులు పొద్దున వేలం ముగించుకుని, స్నానం చేసి, బస్సెక్కి, పామర్రు మీదుగా వచ్చి బెంజ్ సర్కిల్‌లో దిగేవాడు. అక్కణ్ణుంచి ఆటోలో మా ఇంటికి. చేతిలో ఐసు ముక్కల మధ్య చేపల సంచి ఎప్పుడూ ఉండేది. బ్యాండులో గిటారు వాయించే అతనిది పామర్రు దగ్గర వ్యవసాయ కుటుంబం. విజయవాడలో ఒక కోచింగ్ కాలేజీలో లెక్కలు చెబుతాడు. డ్రమ్ములు కొట్టేది ఏసీలు బాగుచేసే మెకానిక్కు. నాలుగో అతను బ్యాంకులో పనిచేస్తాడు, బేస్ గిటారు వాయిస్తాడు, మాట్లాడడు.

వాళ్లు వాయించేదాన్ని ప్రోగ్రెసివ్ డెత్ మెటల్ అంటారని మావాడు చెప్పాడు. తెలియని విషయం ఇంట్లో ఉంటే నాకు నిద్ర పట్టదు. గ్రంథాలయానికి వెళ్లి పెద్ద నిఘంటువులో ఆ మూడు మాటలూ విడివిడిగా చూసి కలుపుకున్నాను. అభ్యుదయ మరణ లోహం అని వచ్చింది. ఇంటికొచ్చి మా ఆయనకి చెబితే, అదేదో ఆయుర్వేద భస్మం కాబోలనుకుని పథ్యం ఏమిటని అడిగారు.

లైబ్రేరియన్ గారు పెద్దమనిషి. నేను ఏది అడిగినా లేదనడం ఆయనకి ఇష్టం ఉండదు. మెటల్ సంగీతం మీద పుస్తకం లేక, ఒకరోజు శరీరశాస్త్రం పుస్తకం తెచ్చి నా ముందు పెట్టారు. "పాట సంగతి తెలియదుగానండి, గొంతు సంగతి ఇందులో ఉంటుంది," అన్నారు. ఉంది. మనం మాట్లాడే స్వరతంత్రుల పైన ఇంకో జత మడతలు ఉంటాయట. మామూలుగా వాటికి పెద్ద పని ఉండదు. కడుపులోంచి ఊపిరి తన్ని ఆ పై మడతల్ని కదిలిస్తే వచ్చేదే ఈ గర్జన. పద్ధతిగా చేస్తే కింద తంత్రులకి దెబ్బ తగలదు. ఉత్తినే గొంతు చించుకుని అరిస్తే మాత్రం తగులుతుంది. ఇదంతా నోట్‌బుక్కులో బొమ్మ గీసుకుని మావాడికి వివరించాను. వాడు శ్రద్ధగా విని, నాకు ఇన్ని భాగాలున్నాయా అత్తా అన్నాడు.

మొదటి ఆల్బమ్ మా మేడ మీదే తయారైంది. ఆ ఎండాకాలం వాడు రెండు నెలలు మా ఇంట్లోనే ఉన్నాడు. గోడలకి మా కర్రీ పాయింటు కోడిగుడ్ల అట్టలు అంటించారు. కిటికీలకి మా పరుపులు కట్టారు కాబట్టి మేము ఆ రెండు నెలలూ చాపల మీద పడుకున్నాం. ఎనిమిది పాటలు. ఎనిమిదింటిలోనూ మొదటి క్షణం నుంచి చివరి దాకా గర్జనే. మెకానిక్కు రెండు కాళ్లతోనూ డ్రమ్ము కొడుతుంటే కింద గిన్నెల మీద మూతలు నడిచేవి. పాటలన్నీ ఉప్పెన మీద, నీటిలో మునిగిన ఊళ్ల మీద రాసుకున్నవి. తెలుగులోనే పాడాడు. అయితే కాగితం మీద చూసేదాకా అది తెలుగని నాకు తెలియలేదు. రెండో పాటలో మా కుక్కరు కూత కూడా పడింది. తీసెయ్యబోతుంటే గిటారతను వద్దన్నాడు. ఇంటర్నెట్‌లో ఎవరో విని, ఆ ఈల వాయిద్యం ఏమిటో అద్భుతంగా ఉందని రాశారట. పప్పు అని నేను జవాబు రాయించాను.

రెండో ఆల్బమ్ నాటికి రికార్డింగుకి మా గది చాలలేదు, సాధన మాత్రం ఇక్కడే. గిటారతని వాళ్లకి పామర్రులో ఖాళీగా ఉన్న ధాన్యం గోదాము ఒకటుంది. అందులో వాయిస్తే శబ్దం గోడ దాకా వెళ్లి, కాస్త ఆగి, తిరిగొచ్చేది. పాటలు పొడుగయ్యాయి. ఒక్కోటి పది నిమిషాలు, పన్నెండు నిమిషాలు. తాళం ఉన్నట్టుండి మారిపోయేది. ఏడు లెక్క, ఐదు లెక్క, మళ్లీ ఏడు. నేను కూర ప్యాకెట్లకి దారం చుడుతూ లెక్కపెట్టడం నేర్చుకున్నాను. ఆ వారం కొందరికి ఏడు చుట్లతో, కొందరికి ఐదు చుట్లతో సాంబారు వెళ్లింది. పాట నడిమధ్యలో వాయిద్యాలన్నీ ఆగిపోయి ఒక్క గిటారు మెల్లగా మోగే చోటు వచ్చేది. మొదటిసారి విన్నప్పుడు కరెంటు పోయిందనుకుని మా ఆయన బయటికెళ్లి పక్కింటివాళ్లకి ఉందో లేదో చూసొచ్చారు. ఆల్బమ్ మొదటి సగం గర్జన బాగానే ఉంది. రెండో సగంలో పలచబడింది.

మూడోది బెంజ్ సర్కిల్ దగ్గర అసలైన స్టూడియోలో, అద్దాల గదిలో చేశారు. నేనూ ఒకసారి వెళ్లి చూశాను. అంత నిశ్శబ్దంలో కూర్చుంటే నా చెవుల్లో నాకే హోరు వినిపించింది. ఆ ఆల్బమ్‌లో కీబోర్డు వచ్చింది, వయొలిన్ వచ్చింది. అన్నిటికంటే పెద్ద మార్పు, గిటారతను మామూలు గొంతుతో పాడాడు. ఆరు పాటల్లో రెండింటిలోనే మావాడి గర్జన, అదీ చివర్లో కాసేపు. అర్థమయ్యే తెలుగు, నెమ్మదైన తాళం. మా ఆయన సాయంత్రం బేరం జరుగుతుండగా పెట్టమన్న ఆల్బమ్ అదొక్కటే.

ఆ తర్వాతే నా పుస్తకజ్ఞానం రంగంలోకి దిగింది.

ఒక మధ్యాహ్నం గిటారతను గోంగూర పప్పు కట్టించుకుంటూ, మూడు ఆల్బమ్‌లూ కలిపి ఒక పెట్టెగా తెస్తున్నామని చెప్పాడు. పెట్టెలో చిన్న పుస్తకం కూడా ఉండాలట. "మొదటి నుంచీ విన్నవాళ్లు మీరొక్కరే ఆంటీ. పైగా మీరు చదువుతారు. మా పాట ఎలా మారుతూ వచ్చిందో నాలుగు పేజీలు రాసిపెట్టండి," అన్నాడు.

నలభై ఏళ్లుగా ఇతరులు రాసినవి చదువుతున్న మనిషిని ఆ మాట అడిగితే ఏమవుతుందో ఊహించుకోండి. పన్నెండు పేజీలు రాశాను. శిల్పం, చిత్రలేఖనం, సంగీతం, ఏ కళ చరిత్ర తీసినా మూడు దశలు కనిపిస్తాయని నా చదువులో గమనించి ఉన్నాను. ఆల్బమ్‌లు కూడా సరిగ్గా మూడే ఉన్నాయి. ఇంకేం కావాలి? మొదటిదానికి ఆగ్రహ దశ అని పేరు పెట్టాను, రెండోది అన్వేషణ దశ, మూడోది ప్రశాంత దశ. మేడ మీద గది నుంచి గోదాములోకి, గోదాము నుంచి అద్దాల గదిలోకి శబ్దం ఎలా ప్రయాణించిందో వివరించాను. ఆఖరి పేరాలో ఇలా రాశాను: "గర్జన తన పని ముగించుకుని వేదిక దిగుతోంది. నాలుగో ఆల్బమ్‌లో దానికి చోటు ఉండకపోవడమే సహజ పరిణామం." ఈ రెండు వాక్యాల్నీ రాసి, చదువుకుని, మా ఆయనకి వినిపించి, మళ్లీ చదువుకున్నాను. అంత బాగా కుదిరాయి. అచ్చుకి పంపేముందు మావాడికి చూపిస్తే, నువ్వు రాశాక చూసేదేముందత్తా అని చదవకుండానే తిరిగిచ్చాడు.

పుస్తకాలు అచ్చై మా మేడ మీదకే వచ్చాయి. తర్వాతి వారం మావాడు మామూలు వేళకే చేపల సంచితో వచ్చాడు. పైన వాయించడం అప్పటికే మొదలైంది. వీడు మెట్ల వైపు వెళ్లలేదు. పెరట్లో కుళాయి దగ్గర కూర్చుని, కత్తిపీట లాక్కుని, తెచ్చిన చేపలు తనే శుభ్రం చేయడం మొదలుపెట్టాడు. పాట మారినప్పుడల్లా చెయ్యి ఆగేది.

"పైకి వెళ్లవేంరా?" అన్నాను.

"ఇంక వెళ్లక్కర్లేదంటత్తా."

"ఎవరన్నారు?"

"నువ్వే రాశావంటగా, నాలుగోదానికి నేను పనికిరానని. మా గిటారువాడు ఫోన్‌లో చదివి వినిపించాడు. అంత దూరం నుంచి పడీపడీ రావడం ఎందుకు, ఇల్లు చూసుకోరా అన్నాడు. మంచిగానే చెప్పాడులే." పొలుసులు గీస్తూనే ఉన్నాడు. "పుస్తకంలో పడ్డాక ఇంకేముంది."

నా మీద కోపం ఉంటే బాగుండేది. వాడికి లేదు. నేను పుస్తకాలు చదివే అత్తని, నేను రాసింది నిజమే అయి ఉంటుంది, అంతే. వాడి పక్కన పీట వేసుకుని కూర్చుని, పన్నెండు పేజీలు రాసేముందు అడగాల్సిన ప్రశ్న అప్పుడు అడిగాను. మూడోదాంట్లో నువ్వు అంత తక్కువ ఎందుకు పాడావు?

వాడు చేప తిప్పి రెండో వైపు గీశాడు.

"చేపలు బాగా పడ్డాయత్తా," అన్నాడు.

స్టూడియో దొరికింది చలికాలంలో. ఆ చలికాలం పడవలు నిండుగా వచ్చాయి. తెల్లవారుజాము నుంచి ఎండెక్కేదాకా వేలం వేసి, బస్సెక్కి, బెంజ్ సర్కిల్‌లో దిగేసరికి వాడికి మాటే రావడం లేదు. గర్జన ఎక్కడ నుంచి వస్తుంది? ఆ సంగతి స్నేహితులకి చెప్పడానికి మొహమాటం. వాళ్లు కాలేజీల, బ్యాంకుల మనుషులు. చేపల వేలంతో గొంతు పాడవుతోందంటే వేలం మానెయ్యమంటారు, అది కుదరదు. అందుకని, ఈ పాటకి నా గొంతు లేకపోతేనే బాగుంటుందేమో, నువ్వు పాడు అని గిటారతనికి చెప్పాడు. అతను పాడాడు. అందరూ బాగుందన్నారు. ఇంక నిజం చెప్పడానికి దారి లేకపోయింది.

నా ప్రశాంత దశ అదీ.

"పోనీలేరా, ఇక్కడి దాకా రావడం తప్పుతుంది కదా," అన్నాను, ఏదో ఒకటి అనాలి కాబట్టి.

వాడు కత్తిపీట పక్కకి పెట్టాడు. "బస్సు పామర్రు దాటాక నేను వేలం వాణ్ణి కాదత్తా. అక్కణ్ణుంచి ఇక్కడి దాకా వేరే మనిషిని. వారానికి రెండుసార్లు. అంతకన్నా నాకేం లేదు."

ఆ మాట విన్నాక నాకు ఆ వారం ఏ పుస్తకమూ తెరవబుద్ధి కాలేదు. ఒక సిద్ధాంతం కట్టి మనిషిని ఇంటికి పంపేశాను. రెండోది కట్టేముందు ఈసారి కళ్లతో చూడాలనుకున్నాను. శనివారం సాయంత్రం బందరు వెళ్లి అన్నయ్య ఇంట్లో పడుకుని, తెల్లారేసరికి రేవులో ఉన్నాను. పుట్టి పెరిగిన చోటే. కానీ చిన్నప్పుడు మేము గొంతు వినేవాళ్లం కాదు, అంకెలు వినేవాళ్లం. చందువ చేపల గుట్ట ముందు నిలబడి మావాడు అంకె ఎత్తుకున్నాడు. చుట్టూ తట్టలు పట్టుకున్న ఆడవాళ్లు, ఇంజన్ల మోత, ఐసు దంచే చప్పుడు. వీటన్నిటి మీదుగా వినిపించాలంటే పై మడతలతో పని జరగదు. గొంతు చించుకోవాల్సిందే. ఏడు గుట్టలయ్యేసరికి బొంగురుపోయింది. ఇరవై దాటాక వాడు చేత్తో సైగలు చేస్తూ, అంకె ఒక్కటే బయటికి నెడుతున్నాడు. శరీరశాస్త్రం పుస్తకంలోని బొమ్మ నా కళ్ల ముందు ఆడింది. గర్జన వాడి గొంతుని పాడుచేయలేదు. చేపలు పాడుచేశాయి.

మైకు పెట్టుకోవచ్చు కదా అని అన్నయ్యని అడిగాను. అన్నయ్య నన్ను జాలిగా చూశాడు. మైకులో వేలమేస్తే వినేవాళ్లు కూరగాయల బండి రికార్డు అనుకుంటారట. రికార్డు వేసి అమ్మేది నిన్నటి చేపనే అనుకుంటారట. మనిషి గొంతు ఎంత బొంగురుపోతే సరుకు అంత తాజా అని ఆ రేవులో లెక్క. నాకు ఈ విషయం ఏ బీరువాలోనూ దొరకలేదు.

తిరుగు బస్సులో నోట్‌బుక్కు తీసి ఒక పట్టిక గీశాను. ఒక గడిలో ఆల్బమ్, పక్క గడిలో రికార్డు చేసిన నెలలు, దాని పక్కన సముద్రంలో పరిస్థితి. మొదటిది ఎండాకాలం. ఆ రెండు నెలలూ సముద్రంలో వేట నిషేధం. పడవలన్నీ ఒడ్డున, వేలం లేదు, గొంతు నిండుగా ఉంది, ఎనిమిది పాటలూ గర్జనే. రెండోది నిషేధంలో మొదలై, పడవలు మళ్లీ నీళ్లలోకి వెళ్లాక పూర్తయింది. మొదటి సగం నిండుగా, రెండో సగం పలచగా. మూడోది నడి చలికాలం. అంతా అతికినట్టు సరిపోయింది. అతికినట్టు సరిపోయేవాటి మీద ఆ రోజుల్లో నాకు నమ్మకం తగ్గింది కాబట్టి, మావాడికి ఫోన్ చేసి ఒక్కో గడీ చదివి అడిగాను. అన్నిటికీ ఊఁ అన్నాడు. చివర్లో, వాళ్లకి మాత్రం చెప్పకత్తా అన్నాడు.

"నోటితో చెప్పను. అచ్చు వేయిస్తాను," అన్నాను.

అటువైపు నుంచి నవ్వు వినిపించింది, బొంగురుగా. దాన్ని నేను అనుమతి కింద తీసుకున్నాను.

పాత పుస్తకాలు చదివినవాళ్లకి తప్పొప్పుల పట్టిక తెలుసు. అచ్చయ్యాక తప్పు దొరికితే, చిన్న చీటీ మీద ఫలానా పేజీలో ఫలానా దానికి బదులు ఇలా చదువుకోగలరు అని వేసి, పుస్తకంలో అంటించేవారు. గ్రంథాలయంలో నాకు అన్నిటికంటే ఇష్టమైన కాగితం అదే. పుస్తకం అంతా గంభీరంగా మాట్లాడిన పండితుడు ఆ చీటీ దగ్గర మాత్రం మనలాగే ఉంటాడు. నా పుస్తకానికీ ఒకటి రాశాను.

మరుసటి వాయింపు రోజున మావాణ్ణి బలవంతాన రప్పించి, మెట్లెక్కించి, నేనూ వెనకే ఎక్కాను. మా ఆయన కూడా వచ్చి గుమ్మంలో నిలబడ్డారు. చీటీ పైకి చదివాను.

"తప్పొప్పుల పట్టిక. పన్నెండో పేజీ, ఆఖరి పేరా. గర్జన తన పని ముగించుకుని వేదిక దిగుతోంది అని మొదలయ్యే రెండు వాక్యాలకి బదులు, ఆ చలికాలం బందరులో చేపలు బాగా పడ్డాయి అని చదువుకోగలరు."

గిటారతను నా చేతిలో నోట్‌బుక్కు తీసుకుని పట్టికని నిదానంగా చూశాడు. లెక్కల మాస్టారు కదా.

"ఇది నిరూపణ కాదు ఆంటీ. మూడే ఉదాహరణలు ఉన్నాయి."

"నా వ్యాసంలోనూ మూడే ఉన్నాయి నాయనా. దాన్ని మాత్రం ఠక్కున నమ్మేశావు."

అతను మావాడి వైపు తిరిగాడు. "నిజమేనారా?"

మావాడు కింద పరిచిన పట్టా చూస్తూ ఊఁ అన్నాడు.

"మరి చెప్పవేం?"

"మీరు బాగుందన్నారు కదరా. అంత బాగా వచ్చిందాన్ని గొంతుపోయి వచ్చిందని ఎలా చెప్పమంటావు?"

గిటారతను నోట్‌బుక్కు మూశాడు. తర్వాత అతను చెప్పింది నేను ఊహించలేదు. మావాడికి గర్జన మీద మనసు పోయిందని అతను అనుకున్నాడట. చెప్పలేక తప్పుకుంటున్నాడు, మనమే మర్యాదగా పంపేద్దాం అనుకున్నాడట. నా వ్యాసం దొరికేసరికి ఆ మర్యాదకి ఆధారం దొరికింది. తనకి పాడటం సరదా కూడా కాదు. మావాడికి ఆ పద్ధతి ఇష్టమనుకుని, పై స్వరాలు పట్టడానికి నెల రోజులు వేడినీళ్లు తాగాడు. క్లాసులో సమాకలనం చెబుతూ ఫ్లాస్కు పక్కన పెట్టుకున్నాడు.

"మీ ఇద్దరి మొహమాటానికి నేను ఆల్బమ్ అంతా మెల్లగా కొట్టి చచ్చాను," అన్నాడు మెకానిక్కు. బ్యాంకతను తల ఊపాడు. మూడేళ్లలో అతని అభిప్రాయం మాకు తెలిసింది ఆ ఒక్కసారే.

గిటారతను లేచి, మూలనున్న మైకు స్టాండు తెచ్చి మావాడి ముందు పెట్టాడు. "వేట ఎప్పుడు ఆపుతారు?" అని అడిగాడు. మావాడు చెప్పాడు. ఇంకా ఐదు వారాలుంది. అయితే అప్పుడే మొదలుపెడదాం, అప్పటిదాకా నువ్వు గొంతెత్తకు, వచ్చి కూర్చో చాలు అన్నాడు. మూడోదాంట్లో ఉన్న నెమ్మదైన చోట్లు మాత్రం వదులుకోనని కూడా అప్పుడే తేల్చి చెప్పాడు. అవి అనుకోకుండా వచ్చినా, ఇప్పుడు అవి లేకపోతే తనకి పాట కోతపడినట్టుంటుందట. మావాడు ఒప్పుకున్నాడు. ఎన్ని నిమిషాలు నెమ్మది, ఎన్ని నిమిషాలు గర్జన అని అక్కడే పేచీ పెట్టుకున్నారు. గట్టిగానే తిట్టుకున్నారు. ఇద్దరూ అంత హాయిగా తిట్టుకోవడం నేను అంతకుముందు వినలేదు.

వ్యాసం పూర్తిగా తీసేసి మళ్లీ అచ్చు వేద్దామా అని గిటారతను నన్ను అడిగాడు. వద్దన్నాను. తప్పు కనిపించాలి, చీటీ దాని మీద ఉండాలి. నిజం చెప్పాలంటే, ఆ వాక్యాలు బాగా కుదిరాయన్న అభిప్రాయం నాకు ఇప్పటికీ పోలేదు.

వేట నిషేధం మొదలైన వారం మావాడు బట్టల సంచితో దిగాడు. ఈసారి చేపలు లేవు, పచ్చడి మామిడికాయలు తెచ్చాడు. మా పరుపులు మళ్లీ కిటికీలకెక్కాయి. మూడు వందల పుస్తకాలు, మూడు వందల చీటీలు ముందేసుకుని నేనూ మా ఆయనా మధ్యాహ్నం షట్టరు సగం దించి కింద కూర్చున్నాం. జిగురుకి ఎక్కడికీ వెళ్లలేదు. గిన్నె అడుగున మిగిలిన అన్నం మెత్తగా మెదిపి పళ్లెంలో పెట్టుకున్నాం. నేను చీటీకి అన్నం పూసి అందిస్తే, ఆయన పన్నెండో పేజీ తీసి, పెట్టి, బొటనవేలితో నొక్కుతున్నారు.

పైన డ్రమ్ములు ఏడు లెక్కలో మొదలయ్యాయి. మూతలు కదిలాయి. గిటారు వచ్చింది, ఆగింది, అంతా నిశ్శబ్దమైంది. ఆయన ఫ్యాను వైపు చూశారు. తిరుగుతూనే ఉంది. అప్పుడు మావాడి గొంతు మెట్ల మీదుగా దిగి వచ్చింది, రెండు నెలల సెలవు మొత్తం ముందున్న గొంతు.

మా ఆయన పళ్లెంలోంచి ఇంకాస్త అన్నం వేలితో తీసుకుంటూ ఒక్క క్షణం ఆగి విన్నారు.

"ఇవాళ బాగుంది వీడి గొంతు," అని, తర్వాతి పుస్తకం తీసుకున్నారు.